ఎవ్వరికి చెప్పకు

మా హనుమాండ్లన్నకు రహస్యం చెవిలో చెప్పడం రాదు. భివండి పక్క నాగావ్‌లో సాంచాల, అంటే మరమగ్గాల, చప్పుడు మీద అరిచి అరిచి తయారైన గొంతు అది. సాంచాలు మూతపడ్డాక ఆయన ఇల్లు, మా ఇల్లు, రెండిండ్ల వాళ్లం గోదాముల్లో పనికని దగ్గర్లోని పూర్ణ ఊరికి వచ్చేశాం. అందరం సామాన్లు తగ్గించుకున్నాం. ఆయన గొంతు మాత్రం తగ్గలేదు.

వచ్చిన రోజు "నీళ్ల నల్లా ఎక్కడ" అని ఆయన అడిగితే, కొట్లాట అనుకొని ఊళ్లో వాళ్లు పరుగెత్తుకొచ్చారు.

మా ఇంటి ఓనరు సుశీలాబాయి ఒకసారి పప్పు పంపింది. అన్న నా చెవి దగ్గరకు వంగి, "ఎవ్వరికి చెప్పకు చెల్లె, ఉప్పు తక్వైంది" అన్నాడు.

గోడ అవతల నుంచి, కిరాయికున్న వాళ్ల దగ్గర మన మాట నేర్చుకున్న సుశీలాబాయి, "నువ్వే తెచ్చి ఏసుకో" అంది. ఆ తర్వాత ఆమె పప్పులో ఉప్పు ఎప్పుడూ తగ్గలేదు.

"నీతోని చెప్పుడు, గుడి మైకుల చెప్పుడు ఒక్కటే" అనేది బుచ్చమ్మ వదినె.

"మెల్లగనే అన్న గదనే" అని ఆయన అరిచేవాడు.

ఆ ఏడాది చలికాలంలోనే మా ఆయన పోయాడు. నాకు మాటే కరువైంది. ఎక్కడెక్కడి రాష్ట్రాల నుంచో వచ్చిన గోదాం కూలీలకు జొన్నరొట్టెలు అమ్ముదామని పిండి తెచ్చుకున్నాను గానీ, గుమ్మంలో నిలబడి "రొట్టెలున్నాయి" అనడానికి నోరు రాలేదు. అమ్ముడుపోకపోతే గది ఖాళీ చేసి, బిడ్డను తీసుకొని తమ్ముడి ఇంట్లో తలదాచుకోవాలి. ఆ మాట అన్నకు చెప్పాను.

తెల్లారి, కూలీలు పనికి పోయే వేళ, ఆయన నా గుమ్మం ముందు నిలబడి, "కిసీకో మత్ బోల్నా బెహెన్" అని తన పాత మాటే హిందీలో మొదలుపెట్టాడు. ఇంత మెత్తటి రొట్టె భివండి మొత్తంలో లేదట. జనానికి తెలిస్తే తనకు ఒక్కటీ మిగలదట. వీధి వీధంతా నిలబడి విన్నది. సిగ్గుతో తలుపు మూసుకున్నాను.

మధ్యాహ్నానికి ఆ తలుపే తట్టారు. సాయంత్రానికి పిండి డబ్బా ఖాళీ.

డబ్బా కడుగుతుంటే అనుమానం వచ్చింది. నాతో ఎప్పుడూ మన మాటే మాట్లాడే మనిషి, ఈ రహస్యం హిందీలో ఎందుకు చెప్పినట్టు?

"ఏందన్నా, నాకు తెలుగు రాదనుకున్నవా?" అని అడిగాను.

అన్న అటూ ఇటూ చూశాడు. వంగి, గోడ మీది పిల్లి కూడా చెవి తిప్పనంత మెల్లగా అన్నాడు: "నాకు గిట్ల గూడ మాట్లాడొస్తదని మీ వదినెకు తెల్వది. ఎవ్వరికి చెప్పకు."

ఇంతవరకు ఎవ్వరికీ చెప్పలేదు. మీరూ చెప్పకండి.