చిన్నాన్న అడిగిన బ్లీచింగ్ పౌడర్

ఈ రోజు మధ్యాహ్నం రాయగడలోని మా కొట్టుకి చిన్నాన్న వచ్చాడు. కోడిపుంజు మెడ ఈకని గాలానికి పురుగులా చుట్టి, కొండ మీంచి పారే గెడ్డలో నీటి మీద ఆడిస్తూ చేపని పట్టడం నాకు నేర్పింది ఆయనే. గాలానికి వానపాము గుచ్చినా తిట్టేవాడు. మా చుట్టుపక్కల ఈక గాలం కట్టేవాళ్ళం ఇప్పుడు మేమిద్దరమే.

"బ్లీచింగ్ పౌడరు రెండు కేజీలు కట్రా" అన్నాడు.

"నూతికా చిన్నాన్నా?"

"గెడ్డకి."

చేపల్ని చంపి తేల్చడానికి పౌడరు కొనేవాళ్ళకి నేను అమ్మను. ఆ నియమం పెట్టించిందీ ఆయనే.

"నువ్వేనా ఈ మాటంటున్నావు?" అన్నాను.

"ఏటి సెయ్యమంటావురా? తెల్లారగట్లనుంచి కూకున్నాను. ఈక మీదకి ఒక్క సేపా లెగనేదు. గెడ్డ పైనోళ్ళు పౌడరు పోసీసేరు. మిగిలినవి రేపు ఇంకోడు సంపుతాడు. ఆడికన్నా మనమే ముందెల్దాం."

ఇవ్వనన్నాను. ఆయన కోప్పడలేదు, నాకు భయమేసింది అందుకే. జేబులోంచి తన ఈక గాలం తీసి మా కాటా మీద పెట్టి, పాత ఎస్టీడీ బూత్ పక్క కొట్టుకి వెళ్ళాడు. అక్కడ అడగ్గానే పొట్లం కట్టారు.

సాయంత్రం నుంచి ఆ గాలం చేత్తో పట్టుకుని కూర్చున్నాను. సొంత చిన్నాన్ననే ఆపలేనివాణ్ణి, ఈ గెడ్డకి కాపలా కాస్తానని ఊరంతా చెప్పుకుని తిరుగుతున్నాను! ఆయనకి చెప్పదగ్గ మాట మీకేదైనా తోస్తే ఈ రాత్రికే రాయండి. చిన్నాన్న తెల్లారకముందే లేచి గెడ్డకెళ్ళే మనిషి.