కోడలి వేషం వేసినావిడ

ఆవిడ మా నాటకానికి ఒప్పుకుందన్న కబురు మొదట తెచ్చింది మా మేనమామ. గుంటూరులో పత్తి దించి ఖాళీ ట్రాక్టరుతో తిరిగొచ్చి, ఇంజను ఆపకుండానే కేకేశాడు. "ఏమే అమ్మాయ్, నీ కోడలు దొరికింది."

ఎనభైలలో మా పర్చూరు వైపు పల్లెల్లో క్రిస్మస్‌కి నాటకం ఆడటం ఆనవాయితీ. మగవేషాలు ఊళ్ళోవాళ్ళే వేసేవారు. ఆడవేషానికి మాత్రం పట్నం నుంచి ఆర్టిస్టును పిలిపించాలి. ఆ ఏడు నాటకం రాసింది నేను. అత్తనూ, అత్త నమ్మిన దేవుణ్ణీ విడిచిపోనన్న పరదేశపు కోడలి కథ, బైబిలు వాక్యంలో ఉన్నదే.

నేను బడి మొహం చూడలేదు. చిన్నప్పుడు వచ్చిన జ్వరానికి ఒక కాలు సన్నబడింది. చర్చిలో ఉపదేశిగా వాక్యం బోధించిన మా తాతయ్యే ఇంట్లో కూర్చోబెట్టి అక్షరాలు దిద్దించారు, వాక్యం చదివించారు. ఆ కాలు అలా కాకపోతే ఆయన పక్కన అన్నేళ్ళు కూర్చునేదాన్ని కాదు. అందుకు దేవునికి స్తోత్రం చెప్పుకుంటాను.

మా చర్చి సంఘ పెద్దకు మాత్రం నేను నాటకం రాయడం నచ్చలేదు. మామయ్య బతిమాలితే చివరికి ఒప్పుకున్నారు. "ఈ ఒక్క ఏడు కానీయండి. సభలో నవ్వులపాలైతే మాత్రం ఈ పిల్ల రాత మళ్ళీ మన స్టేజీ ఎక్కదు." ఆ మాట విన్నాక నాకు అన్నం సయించలేదు. రాయడం మొదలుపెట్టాక అది లేకుండా ఎట్టా ఉండాలో నాకు తెలియకుండా పోయింది. అది భక్తో, ఆశో కూడా తెలియలేదు.

ఆవిడ పండుగ రోజు మధ్యాహ్నం బస్సు దిగింది. నలభై దాటి ఉంటాయి. నుదుట పెద్ద బొట్టు, చేతిలో రేకు పెట్టె. బస ఇవ్వడానికి ఎవరూ ముందుకు రాకపోతే అమ్మ మా ఇంట్లోనే ఉండమంది. మా ఇల్లంతా అప్పుడు పత్తి. నడవా నుంచి దూలం దాకా పోసి ఉంది. ఆవిడ ఆ కుప్పకి ఆనుకుని కూర్చుని కళ్ళు మూసుకుంది.

"చదవమ్మా. చెవిన పడితేనే నాకు నిలిచేది."

నేను చదివాను. అత్త వెనక్కి పొమ్మన్నప్పుడు కోడలు చెప్పే మాట దగ్గర ఆవిడ చెయ్యెత్తి ఆపింది. 'అత్తా, నువ్వు తినే గింజలో సగం నాది, నీ కంటినీళ్ళలో సగం నాది' అని రాశాను అక్కడ.

"ఇది ఎందుకు రాశావు?"

"తెలియదండి."

"మంచిది" అంది. ఎందుకు మంచిదో చెప్పలేదు.

అత్త వేషం మామయ్యది. మీసం తీయనని మొండికేసి, కొంగు మూతి మీదికి కప్పుకుంటానన్నాడు. ఆవిడ ఆయన్ని ఎగాదిగా చూసింది. "ఏమండీ అత్తగారూ, ఆ కొంగు జారిందంటే నేను కోడల్నా, మీకు రెండో భార్యనా?" మా అమ్మ నోటికి చెయ్యడ్డం పెట్టుకుని లోపలికి పోయింది.

ధైర్యం చేసి అడిగాను, ఈ కథ మీరు నమ్ముతారా అని.

"నేను నమ్మకపోయినా ఆ కోడలు పిల్ల నమ్మాలి గదమ్మా. ఇయ్యాళ్టికి ఒళ్ళు దానిది."

వేషం కట్టేముందు బొట్టు తుడిచేసుకుంది. కోడలు విధవరాలు గదా. స్టేజీ ఎక్కుతూ చెక్కను తాకి కళ్ళకద్దుకుంది. ఎవరికి దణ్ణం పెట్టిందో నాకు తెలియదు. మేము అలా చేయం. కాని నాకు తప్పుగా తోచలేదు, ఎందుకు తోచలేదా అని కలవరపడ్డాను.

సాయంత్రం ప్రార్థన కాగానే నాటకం మొదలైంది. రెండు ట్రాక్టరు ట్రక్కులు కలిపి పరదా కట్టారు. పక్క పరదా వెనక పీట మీద కూర్చుని మాట అందించే పని నాది. నా తల మీదనే మైకు వేలాడుతోంది. అది నేను గమనించలేదు.

అత్త పొమ్మంది. కోడలు చెప్పాల్సిన మాట రాలేదు. ఆవిడ మామయ్య మొహంలోకి చూస్తూ నిలబడిపోయింది. మర్చిపోయిందనుకున్నాను. మెల్లగా అందించాను. కదల్లేదు. కొంచెం గట్టిగా అందించాను. పెదవి విప్పలేదు. సంఘ పెద్ద మాటే చెవిలో మోగుతుంటే, ఇక గొంతెత్తి, మొత్తం మాట చెప్పేశాను.

నా గొంతు మైకులో పడి, హారన్లలోంచి ఊరంతా మోగింది. ఇంటి గడప దాటి వినపడని గొంతు అది. సరిగ్గా అప్పుడే మామయ్య కొంగు జారింది. మీసం బయటపడింది. ఆయన ఏడుస్తున్నాడు. ఒక్కరంటే ఒక్కరు నవ్వలేదు. ముందు వరసలో ఒక ముసలమ్మ చేతులు జోడించింది, ఆ గొంతు దేవదూతదని తర్వాత అందరికీ చెప్పిందట.

జనం నవ్వకపోవడం ఆవిడ మౌనం వల్లా, నా మాట వల్లా? ఈ రోజుకీ నాకు తేలలేదు.

పరదా పడగానే సంఘ పెద్ద వచ్చారు. "మైకులో అరిచిందెవరు?"

నేను లేవబోయాను. ఆవిడ నా భుజం మీద చెయ్యి వేసి అణిచింది. "తప్పు నాదండి. మాట మర్చిపోయాను. ఈ అమ్మాయి అందించబట్టి పరువు దక్కింది."

"ఇన్నేళ్ళ నుంచి ఆడుతున్నదానివి, మర్చిపోవడమేంది?"

"వయసండి, ఏం చేసేది."

ఆయన నావైపు ఒకసారి చూసి వెళ్ళిపోయారు.

పొద్దున ఆవిడ వాకిట్లో కూర్చుని జుట్టులోంచి పత్తి ఏరుకుంటోంది. మళ్ళీ బొట్టు పెట్టుకుంది. నేను దగ్గరికెళ్ళి, మీరు మర్చిపోయారనుకుని అరిచానండి అన్నాను.

"మర్చిపోలేదమ్మా. మీ మామయ్య కళ్ళు చూశాక ఇక చెప్పబుద్ధి కాలేదు. కోడలు వదిలిపోదని ఆయనకి అప్పటికే తెలిసిపోయింది."

"మరి పెద్దాయనతో అట్టా చెప్పారేంటి?"

"అదీ నిజమే" అని నవ్వింది. బస్సు హారను వినిపిస్తే పెట్టె తీసుకుని లేచింది.

కొత్త సంవత్సరానికి పక్క ఊరివాళ్ళు ఆవిడనే మాట్లాడుకుని ఉన్నారు. మాట మర్చిపోతుందట అని తెలిసి వేరే ఆవిణ్ణి పిలుచుకున్నారు. మామయ్య ఆ సంగతి చెప్పినప్పుడు తాతయ్యను అడిగాను, ఆవిడ అబద్ధమాడింది సంఘ పెద్దతోనా, నాతోనా అని. "ఎవరితో ఆడినా నీ కోసమే గదమ్మా" అన్నారు తాతయ్య. నాకది జవాబులా అనిపించలేదు. నిజంగానే మర్చిపోయి ఉంటే?

మరుసటి ఏడు పత్తి తీతలప్పుడు సంఘ పెద్దే మా ఇంటికొచ్చారు. "అమ్మాయి ఈసారి ఏం రాస్తోంది? మైకు కింద మాత్రం కూర్చోబెట్టకండి."

అప్పటినుంచి రాస్తూనే ఉన్నాను. రాసిన మాట కొట్టేసి అక్కడ ఏమీ లేకుండా వదిలేయడం కూడా నేర్చుకున్నాను. అలా వదిలినప్పుడల్లా భయమే. చాలిందని వదిలానో, చేతకాక వదిలానో నాకే అర్థం కాదు. అయినా వదులుతాను. ఆవిడ అంత జనం ముందు పెదవి విప్పకుండా నిలబడగలిగింది గదా.

ఆవిడ మళ్ళీ మా వైపు రాలేదు. ఎక్కడుందో, అసలు ఉందో లేదో తెలియదు. ఇది చదివినవారు మోకరించేవారైతే ప్రార్థనలో, దీపం పెట్టేవారైతే దీపం దగ్గర, ఏదీ లేనివారైతే ఊరికే ఒక్క క్షణం, ఆ కోడలి వేషం వేసినావిణ్ణి తలుచుకోండి.