బిడ్డకు చూపని కాగితం

ఎనభైల్లో కామాటిపురలోని మా ఇరుకు గదుల చాల్‌కి ఇంగ్లీషు కాగితం ఏదొచ్చినా ముందు నా చేతికే వచ్చేది. పదకొండో తరగతి దాకా వచ్చినదాన్ని అక్కడ నేనొక్కదాన్నే. ఆ పొగరే కొంప ముంచింది.

నాయిన యూనివర్సిటీలో ఊడ్చే పని చేసేవాడు. పాత జీతం బకాయిల కోసం ఆయనా, తోటి పనివాళ్లూ కోర్టుకెక్కారు. ఒకరోజు ఆఫీసువాళ్లు ఇచ్చిన కాగితం తెచ్చి, "ఏం రాసిండ్రు బిడ్డా?" అన్నాడు. సగం మాటలు నాకు అర్థం కాలేదు. ఆ సంగతి ఒప్పుకోవడం నామోషీ.

"పైసలు ఇస్తరంట నాయినా, అంగూఠా వెయ్యి," అన్నాను.

వేలిముద్ర వేశాడు. కేసు వదులుకుంటున్నానని ఒప్పుకునే కాగితమది.

మూడేళ్లకు తీర్పొచ్చింది. వేలిముద్ర వెయ్యనివాళ్లందరికీ బకాయిలు అందాయి. వాళ్లలో ఒకాయన పాలకోవా పేడాలు తెచ్చి, గుమ్మంలో నిలబడి అడిగాడు: "ఆ కాగితం బిడ్డకు సూపియ్యలేదా?"

లోపల కూర తరుగుతున్న నా వైపు నాయిన చూడనైనా చూడలేదు.

"లేదన్నా. సూపిస్తే గిట్లయితుండెనా? నేనే జల్ది చేసిన."

నేను తలొంచుకుని కూర తరుగుతూనే ఉన్నాను. ఆ సాయంత్రమే పక్కింటావిడ ఇంకో ఇంగ్లీషు కాగితం పట్టుకొచ్చింది. సిగ్గులేని నా చెయ్యి ముందుకెళ్లి అందుకుంది.