నేను ఆపిన ఒడిబియ్యం

ఉదయం ఏడుంపావుకు జగిత్యాల బస్టాండులో వేములవాడ బస్సు ఎక్కాను. చేతిలో ఒక సంచి, అందులో ఒక జత బట్టలు, బీపీ గోళీలు. పాస్టరు పని నుంచి రిటైరై ఇంటిపట్టున ఉంటున్న అరవై ఎనిమిదేళ్లవాణ్ణి ఇలా పొద్దున్నే బస్సుల పాలు చేసింది ఒక ఆడపిల్ల అడిగిన ప్రశ్న.

రెండు రోజుల ముందు మా దగ్గర కొత్త పాస్టర్లకు వారంపాటు తరగతులు మొదలయ్యాయి. నాకిచ్చిన అంశం సమాధానపరిచే పరిచర్య. విడిపోయిన మనుషుల్ని కలపడం కూడా సువార్త పనేనని గంటన్నర దంచాను. నేను కలిపిన అన్నదమ్ముల కథలు, మొగుడూ పెళ్ళాల కథలు వరసపెట్టి చెప్పాను. చివర్లో వెనక వరసలోంచి ఒక అమ్మాయి లేచింది. పాస్టరు చదువు చదువుతున్న పిల్ల.

"అయ్యగారూ, మీరు కలిపినోళ్ళ గురించి చెప్పిండ్రు. మీరు విడగొట్టినోళ్ళు ఎవరన్న ఉన్నరా?"

అందరూ నవ్వారు. నేను చేతిలోని కాగితాలు సర్దుకున్నాను. "శనివారం చెప్తనమ్మా" అని తప్పించుకున్నాను.

ఉన్నారు. సిరిసిల్లలో రాజేశం, కోరుట్లలో అతని అక్క నర్సవ్వ.

పదేళ్ల కిందట నేను సిరిసిల్లలో పనిచేస్తున్నప్పుడు రాజేశం బాప్తిస్మం తీసుకున్నాడు. మరుసటి ఏడు అక్కకు ఒడిబియ్యం పోయాల్సి వచ్చింది. మా వైపు తెలియనివాళ్ళుండరు గానీ దూరపు పాఠకుల కోసం చెబుతాను. పెళ్ళయిన ఆడపిల్లను మూడేళ్ళకో అయిదేళ్ళకో పుట్టింటివాళ్ళు పీట మీద తూర్పు ముఖంగా కూర్చోబెట్టి, పసుపు కలిపిన బియ్యం, ఎండుకొబ్బరి కుడుకలు, రవికె ముక్క ఆమె ఒళ్ళో పోస్తారు. ఆమె ఆ బియ్యం అత్తింటికి తీసుకుపోయి, వండి, ఇరుగుపొరుగును పిలిచి పెడుతుంది. నాకు పుట్టిల్లు ఉంది, అన్నదమ్ములున్నారు అని నలుగురికీ చెప్పుకోవడమన్నమాట. నేనేమో పసుపును చూశాను, తూర్పు ముఖాన్ని చూశాను, ఇదంతా విగ్రహాల పని అన్నాను. పోయొద్దన్నాను. నర్సవ్వ పీట మీద కూర్చుని కొంగు పట్టుకుంటే రాజేశం ఒక చీర పెట్టి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు. నేను గోడకు ఆనుకుని కాపలా ఉన్నాను. ఆమె కాసేపు చూసి, చీర పీట మీదే వదిలేసి వెళ్ళిపోయింది. అప్పటి నుంచి అక్కకూ తమ్ముడికీ మాటల్లేవు. నేను మాత్రం ఆ ఆదివారం స్థిరమైన విశ్వాసం గురించి ప్రసంగం చేశాను, తల్చుకుంటే ఇప్పుడు సిగ్గేస్తుంది.

బస్సులో నా పక్కన మల్యాల దగ్గర ఎక్కిన ఒక పెద్దావిడ. ఆధార్ కార్డు చూపి ఆడవాళ్ళకిచ్చే ఉచిత సున్నా టికెట్ తీసుకుని, నేను డబ్బులిచ్చి టికెట్ కొంటుంటే జాలిగా చూసింది. వేములవాడ గుడిలో కోడెను కట్టే మొక్కుందట.

"నువ్వెటు సారూ?"

"సిరిసిల్లకమ్మా. ఒక తప్పు చేసిన. ఒప్పుకునేటందుకు పోతున్న."

"గంత దూరమా? ఫోన్ల చెప్పరాదు?"

"ఫోన్ల చెప్తె తేలికైపోతది."

"అదీ నిజమే" అని ఆమె రెండు అరటిపండ్లు నా చేతిలో పెట్టింది. ఈ దారిన వెళ్ళేవాళ్ళకు ఒక మాట. సోమవారం నాడు మాత్రం వేములవాడలో బస్సు మారే పని పెట్టుకోవద్దు, గుడికొచ్చే జనంలో కాలు కింద పెట్టే సందుండదు. నేను వెళ్ళింది బుధవారం కాబట్టి తొమ్మిదికి దిగి, పావుగంటలో ఇంకో బస్సు దొరికి, పదింటి లోపల సిరిసిల్ల చేరాను.

ఆటో దిగేసరికి సాంచాల మోత. మరమగ్గాల్ని అక్కడ సాంచాలంటారు. రాజేశం నాలుగు సాంచాల మధ్య నిలబడి ఉన్నాడు, జుట్టు నెరిసింది. నన్ను చూసి దండం పెట్టాడు గానీ సాంచ ఆపలేదు. ఆ మోతలో ఏం ఒప్పుకుంటాం? గొంతు చించుకుని "తప్పు నాది రాజేశం!" అని అరిచాను. పక్క షెడ్డులోంచి ఇద్దరు తొంగి చూశారు. అప్పుడు ఆపాడు. అక్కకు ఒడిబియ్యం పోద్దాం రమ్మని వచ్చిన పని చెప్పాను.

"మీరు పొయ్యద్దంటె పొయ్యలే" అన్నాడు. "గిప్పుడు పొయ్యుమంటున్నరు. నడుమల తొమ్మిదేండ్లు అక్క లేకుంట బతికిన. అమ్మ లేదు, బాపు లేడు. నాకింకెవలున్నరు అయ్యగారూ?"

ఆగిన సాంచలో ఒక పోగు తెగి ఉంటే అతను వంగి ముడి వేస్తున్నాడు. తెగిన పోగుల మీద మంచి ప్రసంగమొకటి నా నోటి దాకా వచ్చింది. మింగేశాను. నలభై ఏళ్ల అలవాటు ఊరికే పోదు.

మధ్యాహ్నం రాజేశం భార్య సుజాత పచ్చిపులుసుతో అన్నం పెట్టింది. అసలు సంగతి ఆమే బయటపెట్టింది.

"మా వదినె కోరుట్లల కొత్తిల్లు కట్టి ఏడాదైతుంది అయ్యగారూ. తాళమేసి ఉన్నది. ఆల్లు పక్కన రేకుల షెడ్డుల ఉంటున్నరు. పుట్టింటి బియ్యం ఒళ్ళె పడందే గడప తొక్కనన్నదట. పిలువమంటె పిలువది. ఈయనేమో పోడు."

"మొహం ఎట్ల సూపియ్యాలె?" అన్నాడు రాజేశం కంచంలోకి చూస్తూ.

"నా మొహం ముందు పెడత. తిడితె నన్ను తిడతది" అన్నాను.

"మరి బియ్యం? అది పాపమంటిరి గదా?"

"అక్క ఒళ్ళో తమ్ముడు బియ్యం పోస్తే దేవునికేం నొప్పి రాజేశం? అది నీకు చెప్పాల్సినోణ్ణి, నాకే తెల్వకపాయె."

అతను చెయ్యి కడుక్కుని వచ్చాడు. "అక్క పిలిస్తెనే లోపలికస్త. లేకుంటె గల్లీల నుంచే వాపస్ అస్త" అన్నాడు చివరికి. ఆ రాత్రి అక్కడే పడుకున్నాను.

తెల్లవారి ఆరున్నరకు ముగ్గురం బయలుదేరాం. బియ్యం సంచి నేనే పట్టుకుంటానన్నాను. వేములవాడలో దిగాక సుజాత తల కొట్టుకుంది, కుడుకలు మరిచిపోయింది. ఇక చూడండి నా అవస్థ. గుడి ముందు దుకాణాల వరసలో, పసుపు కుంకాల మధ్య నిలబడి, నలభై ఏళ్లు సువార్త చెప్పిన నేను కుడుకలు బేరమాడాను. మా సంఘంవాళ్ళెవరైనా చూస్తారేమోనని ముందు అటూ ఇటూ చూశాను. తర్వాత చూస్తే చూడనీ అనుకున్నాను. అప్పటి నుంచి ప్రాణం తేలికపడింది.

కోరుట్ల బస్సులో సంచి మూతి ఊడి పసుపు బియ్యం కనిపించాయి. ముందు సీటు ఆవిడ వెంటనే వెనక్కి తిరిగింది.

"ఎవలకు పోస్తున్నరు బిడ్డా?"

"మా ఆడిబిడ్డకు" అంది సుజాత. ఆ మాట అనేటప్పుడు ఆమె ముఖం వెలిగిపోయింది. రుద్రంగి ఊరు దాటేదాకా బస్సులో ఆడవాళ్ళంతా ఎన్ని కుడుకలు, ఏ రంగు రవికె అని ఆమెకు పాఠాలు చెప్పారు. రాజేశం మాత్రం కిటికీలోంచి బయటికే చూస్తూ కూర్చున్నాడు.

పదకొండు కావస్తుండగా కోరుట్ల. గల్లీ మూల రాజేశాన్నీ సుజాతనూ నిలబెట్టి నేనొక్కణ్ణే వెళ్ళాను. కొత్త ఇల్లు తాళంతో ఉంది, లేత ఆకుపచ్చ రంగు, తలుపులకు కట్టిన ప్లాస్టిక్ కవర్ కూడా తీయలేదు. పక్కన రేకుల షెడ్డు ముందు నర్సవ్వ, ఒళ్ళో చాట పెట్టుకుని బీడీలు చుడుతోంది. గల్ఫ్‌లో పాతికేళ్లు చేసి వచ్చిన ఆమె భర్త గంగారాం కుర్చీ తెచ్చి వేశాడు. నేను కూర్చోలేదు.

"ఆనాడు గోడకు నిలవడ్డోనివి నువ్వే గదా సారూ" అంది ఆమె తలెత్తకుండానే.

"నేనే చెల్లే. నీ తమ్ముడు పొయ్యననలే. నేను పొయ్యద్దన్న. మీ ఇద్దరి నడుమకు దేవుడు రాలే, నేను అచ్చిన. నన్ను క్షమించు."

ఆకు చుట్టడం, దారం కట్టడం, మూతి మడవడం. ఆమె చేతులు ఆగలేదు.

"ఖాళీ ఒడితోని బస్సెక్కిన సారూ. గల్లీలకచ్చినంక ఒక్కొక్కతి అడుగవట్టె, నర్సవ్వా బియ్యం ఎప్పుడు వండుతవని. ఏం చెప్పాలె? పురుగు వట్టిందని చెప్పిన. నా తమ్ముని బియ్యానికి పురుగు వట్టిందని నా నోటితోని చెప్పిన."

నాకు కళ్ళనీళ్ళు ఆగలేదు. నిజం చెప్పాలంటే అక్కడే ఆశ వదులుకున్నాను. ఇంకో రెండు బీడీలు చుట్టింది. మూడోది సగంలో ఆపింది.

"వాడేడి?"

"గల్లీ మూలకున్నడు."

"ఎండల నిలవెట్టినవా? వానికి ఎండ పడది!"

చాట కింద పెట్టి లేచింది. చెప్పులు కూడా వేసుకోకుండా గల్లీ చివరిదాకా నడిచింది. రాజేశం ఆమె కాళ్ళ మీద పడబోతే రెక్క పట్టి లేపి, "ముసలోనివైనవు గదరా" అని బోరున ఏడ్చింది. అతనూ ఏడ్చాడు. గల్లీలో తలుపులన్నీ తెరుచుకున్నాయి.

గంగారాం తాళంచెవి తెచ్చి, "మంచి రోజు సూడద్దా?" అన్నాడు.

"నా తమ్ముడు అచ్చిన రోజు కన్న మంచి రోజేంది?" అంది నర్సవ్వ.

కొత్త ఇంటి గడప ముందు పీట వేశారు. నర్సవ్వ కొంగు పట్టి కూర్చుంది. రాజేశం కళ్ళు మూసుకుని ప్రార్థన చేసుకున్నాడు, ఆమె తన ఇంటి దేవుడికి మొక్కుకుంది. సుజాత పోసింది, తర్వాత రాజేశం దోసిళ్ళతో పోశాడు. నేను వెనక్కి జరిగి నిలబడ్డాను.

"ఏంది, మల్ల గోడకు నిలవడ్డవు?" అంది నర్సవ్వ. "ఇటు రా. ఆపిన చెయ్యే పొయ్యాలె."

వెళ్ళి, దోసిలి నిండా తీసుకుని పోశాను. ఎందరికో బాప్తిస్మమిచ్చిన చేతులివి. అంత సంతోషం ఎన్నడూ ఎరగవు.

నిండు ఒడితో ఆమె లేచి, కుడికాలు గడప లోపల పెట్టింది. పెట్టి, వెనక్కి తిరిగి గల్లీ అంతా వినబడేలా కేక వేసింది. "ఐతారం బియ్యం వండుతున్న! అందరు రావాలె! గీసారి పురుగు వట్టలే!" బీడీలు చుట్టే ఆడవాళ్ళు చప్పట్లు కొట్టారు. లోపల పాలు పొంగాయి. నన్ను కూడా ఆదివారం రమ్మన్నారు, ముందు వరసలో కూర్చోవాలట.

మధ్యాహ్నం మూడు నలభైకి కోరుట్లలో జగిత్యాల బస్సు ఎక్కాను. గంట ప్రయాణం, కిటికీ పక్క సీటు. సమాధానపరిచే పరిచర్య అని ఎన్నోసార్లు చెప్పాను గానీ, అందులో మొదటి పని నేను గోడ దగ్గర నుంచి కదలడమేనని ఈ రెండు రోజుల్లో తెలిసింది. శనివారం ఆ పిల్లకు చెప్పడానికి కాగితాలక్కర్లేదు.

కండక్టర్ నేనిచ్చిన నోటు తిప్పి చూశాడు.

"పసుపంటింది సారూ. పెండ్లికి పోయిండ్రా?"

అరచేతులు చూసుకున్నాను. కడుక్కోబుద్ధి కాలేదు మరి.

"ఒడిబియ్యం పోసి అస్తున్న."

"ఎవలకు?"

"మా చెల్లెకు" అన్నాను.