లోడు లేని లైను వెంట

తెల్లవారి నాలుగున్నరకు కువైట్ సిటీ నుంచి బయలుదేరాం. ఇరాక్ సైన్యం వచ్చి మూడో వారం. బస్రా, బాగ్దాద్ దాటి అమ్మాన్ చేరితే బొంబాయి విమానం దొరుకుతుందని విన్నాం. పికప్పు నడిపేది కరీంనగర్ మల్లేశం. కిరాయి బదులు మనిషికో డబ్బా పెట్రోలు అడిగాడు. వెనక కూర్చున్నది ఓబుళమ్మ. కడప జిల్లా మనిషి, రుమైథియాలో ఒక ఇంట్లో వంట చేసేది. ఇంటావిడ, అక్కడ పనివాళ్ళు మామా అని పిలుస్తారు, వచ్చేటప్పుడు ఖర్జూరాల సంచి చేతిలో పెట్టిందట. నేను కోనసీమవాణ్ణి. ఏడేళ్ళుగా హైవోల్టేజి తీగల్ని టవర్లకు అంటకుండా పట్టి ఉంచే పింగాణీ గిన్నెలు కడగడం నా ఉద్యోగం. వాటిమీద ఎడారి దుమ్ము పేరుకుంటే కరెంటు జారిపోతుంది. అందుకే ట్యాంకరులో ఉప్పు తీసేసిన నీళ్ళు తెచ్చి కొడతాం.

ఆరున్నరకు ఎదురుగా ఇరాక్ సైనికుల చెక్‌పోస్టు కనబడింది. బండి లాక్కుంటారని మల్లేశం రోడ్డు దించి ఇసుకలో పోనిచ్చాడు. ఎనిమిదికి ఇంజను ఆవిరి కక్కింది. రేడియేటరు పైపు ఊడిన సంగతి చూసుకోకుండా తాగే నీళ్ళన్నీ అందులో పోసేశాం. అన్నీ ఇసుక పాలు. బుద్ధి కర్మానుసారిణి అని ఊరికే అనలేదు.

పైపు బిగిస్తూ మల్లేశం అడిగాడు: “ఇప్పుడెట్లనే సత్యమన్నా? గీ ఎండల ఎంతసేపు బతుకుతం?”

నేను పక్కనే సాగిపోతున్న కరెంటు టవర్లు చూపించాను. “దూరం పంపాలంటే వోల్టేజి పెంచుతార్రా. అప్పుడు తీగలో కరెంటు తగ్గుద్ది, తీగ వేడెక్కదు, దారిలో నష్టం ఉండదు. జనం దగ్గరికొచ్చాక సబ్‌స్టేషన్‌లో దించుతారు. లైను గుయ్యిమంటోంది కదా, అంటే చివర మనుషులున్నట్టే.”

తొమ్మిదింబావుకు టవర్ల కింద నడక మొదలుపెట్టాం. తలమీద ఆ మోత ఆగలేదు. ఎడారిలో ఇంకే చప్పుడూ లేదు. ఓబుళమ్మ రెండుసార్లు కూలబడింది.

“గొంతెండుకపోతాండాదన్నా,” అంది. ఆ తర్వాత మల్లేశం భుజం పట్టుకుని నడిచింది.

పదింబావుకు సబ్‌స్టేషన్ చేరాం. గేటు బార్లా తెరిచి ఉంది. గుమ్మంలో ఒక చెప్పుల జత, బల్లమీద సగం తాగిన టీ గ్లాసు, అందులో ఇసుక. పిలిస్తే పలికినవాళ్ళు లేరు. కుళాయి తిప్పితే గాలి వచ్చింది. కంట్రోల్ గదిలో వోల్టేజి ముల్లు నిండుగా నిలబడి ఉంది. లోడు, అంటే జనం వాడుకునే కరెంటు, చూపే ముల్లు సున్నా మీద పడుకుని ఉంది. లైను మోగడానికి వోల్టేజి ఉంటే చాలు, అవతల వాడుకునేవాళ్ళు అక్కర్లేదు. ఏడేళ్ళు ఆ మోత కిందే బతికి ఆ సంగతి మరిచాను. నన్ను నమ్మి వచ్చిన ఓబుళమ్మ గుమ్మంలో స్పృహ తప్పి పడి ఉంది.

అప్పుడు ఫోను మోగింది.

ఊళ్ళో ఫోన్లు మూగబోయినా ఇది మోగుతుంది. దీని మాట ఆ హైవోల్టేజి తీగ మీదే నడుస్తుంది. ఎత్తాను.

“లోడెంత?” లైను అవతలి స్టేషన్ నుంచి, అరబ్బీలో ముసలి గొంతు.

“సున్నా,” అన్నాను.

“మూడు రోజులుగా చేస్తున్నాను. ఎవరూ ఎత్తలేదు. నువ్వెవరు?”

“ఇండియావాణ్ణి. లైన్లు కడిగేవాణ్ణి. ముగ్గురం ఉన్నాం, నీళ్ళు లేవు.”

“షెడ్డు వెనక చూడు. మీ కడుగుడు ట్యాంకరు ఉండాలి. ఇక్కడ నేను ఒక్కణ్ణే...”

మిగతాది వినలేదు. రిసీవరు వదిలేసి పరుగెత్తాను. ట్యాంకరు అక్కడే ఉంది, సగం నిండి. ఆ నీళ్ళకు రుచీ పచీ లేదు. గుక్కగుక్కగా పట్టాక ఓబుళమ్మ కళ్ళు తెరిచింది. మల్లేశం రెండు డబ్బాలు నింపుకుని వెళ్ళి పన్నెండుకల్లా బండి తెచ్చాడు. వెంటనే ఎక్కేశాం.

బస్రాలో ఒక పగలు, బాగ్దాద్‌లో రెండు, అమ్మాన్‌లో గుడారాల్లో పదకొండు. రొట్టె, టమాటా, వాటికోసం పొడుగు వరుసలు. మల్లేశం బొంబాయిలోనే విడిపోయాడు. మేమిద్దరం మద్రాసు బండి ఎక్కాం.

కడపలో ఓబుళమ్మ దిగింది. ప్లాట్‌ఫారం కుళాయి దగ్గర దోసిలి పట్టి తాగి, తడి చేతులతో నా కిటికీ దగ్గరికి వచ్చింది.

“అన్నా, ఆ ఫోన్లో ఆయప్పకు నీళ్ళుండాయా, లేవా? అడిగినావా?”

బండి కదిలింది.

నేను బండి మారాల్సిన రేణిగుంట వరకూ పట్టాల పక్కన టవర్లు వస్తూనే ఉన్నాయి, నేను వాటివైపు చూడలేదు. ఆ దారిన వెళ్ళేవాళ్ళకు నేను చెప్పేది ఒకటే. ఆ గదిలో రిసీవరు వేలాడుతూ ఉంటుంది. ముందు దాన్ని చెవిన పెట్టుకుని, అటువైపు మనిషికి నీళ్ళున్నాయో లేదో అడగండి.