చప్పుడు లేని అడవి

మహబూబ్‌నగర్ బస్టాండు వెనక మొయినుద్దీన్ నడిపే కంప్యూటర్ షాపు అసలుకు పాత డబ్బాల దవాఖాన. తొంభై తొమ్మిదిలో ఊరంతా కొత్త మిషన్ల మోజులో ఉంటే, ఇతను మాత్రం ముసలి ఎద్దుతోనే మడి దున్నించే రకం. ఎవరిదో వేటాట సీడీ ఒకటి చేతికొచ్చింది. ఆ ఆట పట్టేంత జాగా డబ్బాలో లేదు. అయినా వదిలితేనా! పిట్టల కూతలు తీసేశాడు, గాలి చప్పుడు తీసేశాడు, సగం చెట్లు తీసేశాడు. చివరికి చచ్చిపడిన జంతువు బొమ్మను కూడా తీసేశాడు. అప్పుడు ఆట నడిచింది. గుండు తగిలిన జింక కూలి, మరుక్షణం మాయమయ్యేది.

ఇంత తంటా తండ్రి కోసమే. షరీఫ్ ఒకప్పుడు అమ్రాబాద్ అడవిలో పేరున్న వేటగాడు. వేట బందయి తుపాకి ఠాణాలో అప్పజెప్పాక సగం మనిషయ్యాడు. పక్షవాతం వచ్చాక ఏది నిజమో ఏది బొమ్మో ఆయనకు కలిసిపోయేది. ఒక్కసారైనా ఆ ముఖంలో వెలుగు చూడాలని కొడుకు ఆశ.

ఒక మధ్యాహ్నం తండ్రిని తెర ముందు కూర్చోబెట్టాడు. షరీఫ్ చాలాసేపు చూశాడు.

"గింత సప్పుడు లేదేందిరా? అడివి మూగబోయిందంటే ఏదో మనల్ని జూస్తున్నట్టు."

పొదల్లోంచి జింక బయటికొచ్చింది. "బిస్మిల్లా, అల్లాహు అక్బర్" అని షరీఫ్ మీట నొక్కాడు. జింక కూలింది, మాయమైంది.

"కత్తి తే. పానం పోకముందే హలాల్ చెయ్యాలె."

"గది ఆట నాయినా."

"దెబ్బ తిన్నదాన్ని ఇడిసొచ్చిన వేటగాడు బువ్వ ముట్టొద్దు. మా ఉస్తాద్ మాట."

ఆయన అన్నంత పనీ చేశాడు. కోడలు దిల్షాద్ ఎంత బతిమాలినా ముద్ద ముట్టలేదు. పొద్దస్తమానం తెర ముందు కూర్చుని, ఆ మూగ గడ్డిలో జింక కోసం వెతికాడు. తీసేసిన బొమ్మను తిరిగి పెడదామంటే సీడీ ఇచ్చినవాడు దాన్ని పట్టుకుని బొంబాయి పోయాడు. తన చేతులతో చేసిన పనే తండ్రిని చంపుతుందని మొయినుద్దీన్‌కు తోచింది. మేకమాంసం తెచ్చి వండించాడు.

"దొరికింది నాయినా. పొద సాటుకు పడి ఉండె. హలాల్ చేసిన."

షరీఫ్ ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. దిల్షాద్ కళ్లు తుడుచుకుంది. రెండో ముద్ద దగ్గర ఆయన చెయ్యి ఆగింది.

"కడుపుల పిల్ల ఉండెనా?"

"లేదు నాయినా."

"ఉండె. కొట్టినంక తెలిసింది నాకు. పిల్లనేం జేసినవ్?"

షరీఫ్ పళ్లెం పక్కకు నెట్టేశాడు. ఆ వారం దాటకుండానే కన్నుమూశాడు.

నలభయ్యో దినం ఫాతెహా ప్రార్థన అయ్యాక, ఆ ఆటను చెరిపేద్దామని మొయినుద్దీన్ డబ్బా ఆన్ చేశాడు. చెరిపేముందు జింక పడ్డచోటు ఒక్కసారి చూడాలనిపించింది. గడ్డిలో నడుచుకుంటూ అక్కడిదాకా పోయాడు.

అక్కడ ఒక జింకపిల్ల నిలబడి ఉంది.

ఆ ఆటలో మనిషి దగ్గరికొస్తే ఏ జంతువైనా పారిపోవాలి. అది పారిపోలేదు. అసలు ఆ ఆటలో పిల్లలే లేవు. ఒక్కొక్క బొమ్మా విప్పి, ఏరి పారేసిన మనిషికి తెలియదా? భయం వెనకే ఏడుపు తన్నుకొచ్చింది.

"ఈసారి నిజంగనే దొరికింది నాయినా," అన్నాడు.