నేను ఇవ్వని కార్డు

కెమెరాలోంచి వచ్చిన ప్రతి మెమొరీ కార్డుకూ నా బల్ల మీద మూడు పనులు జరగాలి. మొదటిది, రెండు వేర్వేరు డిస్కుల్లోకి కాపీ చేయాలి. రెండోది, ఆ కాపీలను అసలుతో పోల్చి చూడాలి. మూడోది, కార్డు పెట్టె మీది ఎర్ర టేపు తీసి పచ్చ టేపు అంటించాలి. పచ్చ టేపు పడ్డాకే కార్డు మళ్లీ కెమెరాలోకి వెళ్తుంది, అందులోని పాత దృశ్యం చెరిగిపోతుంది. ఫ్రెంచి సినిమాల్లో నాలుగేళ్లుగా నేను చేస్తున్నది ఇదే.

ఈ పనిలోకి నన్ను తెచ్చింది సినిమా పిచ్చి కాదు, ఇక్కడ శాశ్వత నివాసానికి, అంటే పీఆర్‌కు, కావలసిన పాయింట్లు. కాలేజీలు మాలాంటి తెలుగు విద్యార్థులతో కిటకిటలాడుతున్న రోజుల్లో ఎటోబికోలోని ఒక బేస్‌మెంట్‌లో ఆరుగురం ఉండేవాళ్లం. పాయింట్ల కోసం ఆరుగురమూ ఫ్రెంచి మొదలుపెట్టాం. క్రియాపదాల పట్టికలు గోడకు అంటించుకున్నది నేనొక్కణ్నే, పరీక్ష దాటిందీ నేనొక్కణ్నే. ఒషావా అనే ఊళ్లో షూటింగ్‌కు వచ్చిన ఒక మాంట్రియల్ సినిమా కంపెనీకి కంప్యూటర్లూ ఫ్రెంచీ రెండూ తెలిసిన మనిషి కావలసి వచ్చింది. ఏడాది కాంట్రాక్టు ఇచ్చారు.

మొదటిరోజు ఇంటికి రాగానే మా గదిలోని వరంగల్ కుర్రాడు అడిగాడు.

"అన్నా, హీరోయిన్‌ని చూసినవా?"

"లేదు. పద్నాలుగు కార్డులు చూశా."

"మా వేర్‌హౌస్‌ల కూడ గదే కదనే. స్కాన్ చేసుడు, స్టిక్కర్ ఏసుడు. ఫరక్ ఏంది?"

ఫరక్ ఉంది. వేర్‌హౌస్ పని పీఆర్ లెక్కలోకి రాదు, ఇది వస్తుంది. నా వర్క్ పర్మిట్‌లో మిగిలినవి పద్నాలుగు నెలలు. కావలసిన అనుభవం పన్నెండు. ఈ కాంట్రాక్టు పోతే అంత వ్యవధి మళ్లీ దొరకడం కష్టం.

మూడో వారం, మూతపడిన ఒక ఫ్యాక్టరీలో షూటింగ్. రిటైరైన కార్మికుడి వేషం వేసిన ముసలి నటుడు పాత కిటికీ అద్దాన్ని సుత్తితో పగలగొట్టాలి. అలాంటి అద్దం ఒక్కటే ఉంది. ఒకే దెబ్బకు పగిలింది. అందరూ చప్పట్లు కొట్టారు. ఆ దృశ్యం ఉన్న కార్డు నా బల్లకు వచ్చింది.

పొద్దున ఒక కార్డు పాడైంది, మిగతావి నిండి కాపీ కోసం వరుసలో ఉన్నాయి; మళ్లీ తీయలేనిదని అద్దం కార్డునే ముందు పెట్టాను. పొద్దు వాలుతోంది, ఇంకో షాట్ మిగిలి ఉంది. ప్రొడక్షన్ మేనేజర్ గబగబా నా దగ్గరికి వచ్చాడు. మా మాటలన్నీ ఫ్రెంచిలోనే.

"కాపీ అయిందా?"

"అయింది సార్. పోల్చడం కాలేదు."

"ఎంతసేపు?"

"పదకొండు నిమిషాలు."

"సూర్యుడికి చెప్పు, ఆగుతాడేమో. కార్డు ఇలా తే."

"ఇవ్వను సార్."

"ఇన్నేళ్లుగా సినిమాలు తీస్తున్నా. నా కాపీ ఒక్కటీ తప్పలేదు."

"పోల్చి చూడబట్టే తప్పలేదేమో."

పక్కనున్న లైట్‌మన్ ఒకడు నవ్వి, మేనేజర్ మొహం చూసి ఆపుకున్నాడు.

"నీ ఉద్యోగం ఏమిటో గుర్తుందా?"

"ఉంది. మూడు పనులు. ఇది రెండోది."

కార్డు ఉన్న రీడర్ మీద చెయ్యి పెట్టుకుని కూర్చున్నాను. తీయలేదు. పదకొండు నిమిషాలయ్యాక పచ్చ టేపు వేసి కార్డు ఇచ్చాను. అప్పటికి వెలుతురు పోయింది.

కాపీలో తప్పు దొరికిందని రాయగలిగితే బాగుండేది. దొరకలేదు. రెండు కాపీలూ అచ్చంగా సరిపోయాయి. అయినా నాది తప్పు కాదు. సరిపోయిందని పోల్చాకే తెలిసింది, అంతకుముందు ఎవరికీ తెలియదు.

సాయంత్రం రోజువారీ రిపోర్టు నా ముందు పెట్టి మేనేజర్ మెల్లగా అన్నాడు.

"ఆలస్యానికి కారణం యంత్ర లోపం అని రాయి. రేపు మామూలుగా వచ్చెయ్."

యంత్రం బాగానే ఉంది. 'పోల్చడం పూర్తికాని కార్డును నేను ఇవ్వలేదు' అని రాసి సంతకం పెట్టాను. మర్నాటి షెడ్యూలులో నా పేరు లేదు. వారం తిరక్కుండా కాంట్రాక్టు రద్దయింది.

"మెషీన్ పేరు రాస్తే ఏమాయె అన్నా?" అన్నాడు వరంగల్ కుర్రాడు. "అదేమన్న వచ్చి నీతోని కొట్లాడుతదా?" అలా అంటూనే తన సూపర్‌వైజర్‌తో మాట్లాడి నన్ను వేర్‌హౌస్‌లో చేర్చాడు. ఏడు వారాలు వాడి పక్కనే స్కాన్ చేశాను. పర్మిట్‌లో తరిగిపోయిన ప్రతి వారాన్నీ క్యాలెండర్‌లో కొట్టేశాను. బాధపడ్డాను. పశ్చాత్తాపపడలేదు.

ఎనిమిదో వారం మరో ఫ్రెంచి సినిమా కెమెరా విభాగం అధిపతి ఫోన్ చేసింది. ఆమెను నేనెప్పుడూ చూడలేదు, ఆరోజు నవ్విన లైట్‌మన్ నా నంబరు ఇచ్చాడట.

"ఒషావాలో కార్డు ఇవ్వనన్నది నువ్వేనా?"

"నేనే."

"కాపీ బాగానే ఉందట కదా?"

"బాగానే ఉంది."

"మళ్లీ అలాగే అడిగితే?"

"ఇవ్వను."

సోమవారం ఎక్కడికి రావాలో చెప్పింది. అప్పటినుంచి ఎనిమిది సినిమాలు; పర్మిట్ ముగిసేలోపే పన్నెండు నెలల అనుభవమూ పూర్తయింది. ప్రతి మేనేజరూ మొదటిరోజే అడుగుతాడు, పోల్చడానికి ఎంతసేపు పడుతుందని. పూర్తయ్యేదాకా అంటాను.